తెలియదని రాసిన ఖాసిం సాహెబు

ఖాసిం సాహెబు గారు ఇక లేరన్న వార్త మొన్న శుక్రవారం చిత్తూరు నుంచి ఫోనులో విన్నాను. నమ్మలేక, "సరిగ్గా కనుక్కున్నావా?" అని చెప్పినవాణ్నే గదమాయించాను. జీవితమంతా ఇతరుల రోగాల లెక్క రాసిన మనిషి, తన గుండె సంగతి ఇంట్లోవాళ్లకైనా చెప్పకుండా అకస్మాత్తుగా నిష్క్రమించారు. పత్రికల్లో ఒక్క వాక్యం రాలేదు, రాదు కూడా. ఆస్పత్రిలో డాక్టరుకు దండం పెడతారు, నర్సుకు పండ్లు ఇస్తారు. రికార్డు గది గుమాస్తా ఎవరికి కావాలి? అందుకే, ఆయన కింద పనిచేసిన నేను ఈ నాలుగు మాటలు రాస్తున్నాను.

రోగి ఇంటికి పోయాక మిగిలే కేసు షీటును చదివి, దేశదేశాలు వాడే రోగాల పుస్తకంలో వెదికి, ఆ జబ్బుకు తగిన నంబరు వేయడం ఆయన వృత్తి. దాన్ని వ్రతంగా ఆచరించారు. డాక్టరు రాత అర్థం కాకపోతే ఊహించి నంబరు వేసేవారు కాదు. షీటు చంకలో పెట్టుకుని ఆపరేషను గది గుమ్మం ముందు నిలబడేవారు. ఒక పెద్ద డాక్టరు విసుక్కుని, "ఏదో ఒకటి వేసెయ్యవయ్యా" అంటే, "ఏదో ఒక మందు మీరు రాయరు గదా సార్" అన్నారట. ఆ తర్వాత ఆ డాక్టరు రాత బాగుపడిందంటారు. నేను నమ్మను, ఆయన చీటీలు నేనింకా చూస్తూనే ఉన్నాను.

నేను రెండో గుమాస్తాగా చేరిన మరుసటేడు, పాకాల వైపు ఒక పెళ్లిలో భోంచేసిన జనం వాంతులు, విరేచనాలతో లారీలో వచ్చి పడ్డారు. మంచాలు చాలక వరండాలో చాపలు వేశాం. మన దిక్కున పెళ్లిభోజనం వికటిస్తే కారణం వెదికే శ్రమ ఎవరికీ ఉండదు: సాంబారులో బల్లి పడిందంటారు, వంటవాణ్ని పట్టుకుంటారు. ఆ సాయంకాలానికే వంట మునెప్పను పోలీసు స్టేషనులో కూర్చోబెట్టారు. భోజనం వికటించింది, కారణం తెలియలేదు అని మాత్రమే డాక్టరు షీట్లలో రాశాడు. ఊరంతా అంటోంది గదా అని నేనే రిజిస్టరులో కారణం గడిలో "బల్లి పడిన సాంబారు" అని అందరికీ వరసగా దించేసి, విషప్రయోగానికి వేసే నంబరు వేశాను. పని తొందరగా ముగించానని మురిసిపోయాను కూడా.

సాహెబు గారు చదివి కళ్లద్దాలు తీశారు.

"బల్లిని నువ్వు సూసినావా?"

"లేదు సార్. అందురూ అంటా ఉండారు."

"మరెట్ల రాసినావప్పా? ఈ కాగితం కోర్టుకు పోతాది. ఆడ నీ మాట పట్టుకొని మునెప్పను జైల్లో ఏస్తారు."

"కారణం తెలీనప్పుడు ఏం రాసేది సార్?"

ఆయన పుస్తకం తెరిచి వేలుతో చూపించారు. సున్నా సున్నా అయిదు, చుక్క, తొమ్మిది. "తెలీదు అనేదానికి కూడా నంబరు ఉండాది సూడు. ఇంత పుస్తకం రాసిన పెద్దోళ్లే తెలీదని ఒప్పుకునేదానికి చోటు పెట్టుకున్నారు. నీకూ నాకూ సిగ్గెందుకబ్బా?"

రబ్బరు అందుకోబోతే చెయ్యి పట్టుకున్నారు. తప్పు కనబడుతూనే ఉండాలట. ప్రతి పేరు దగ్గరా గీత కొట్టి, సరైన నంబరు వేసి, పక్కన సంతకం పెట్టేసరికి నా వేళ్లు పడిపోయాయి.

మరునాడు ఆ పాకాల పెళ్లికూతురి తండ్రి వచ్చాడు. "బల్లి అని ఉన్నింది కొట్టేసినారంట. మళ్లా రాయండి సాహెబూ. లేకుంటే పాచిన అన్నం పెట్టినానని వియ్యంకులు నా మొగం మీద ఉమ్ముతారు" అన్నాడు.

సాహెబు గారు కుర్చీ వేసి, టీ తెప్పించారు. "అన్నా, మీ తప్పని నేను రాయలేదు. మునెప్ప తప్పనీ రాయలేదు. నాకు తెలీదు. తెలీందాన్ని తెలిసిందని ఎట్ల రాసేది?"

వచ్చినాయన బదిలీ చేయిస్తానని బెదిరించి, టీ ముట్టకుండా వెళ్లాడు. ఆ టీ కూడా సాహెబు గారే తాగి, మళ్లీ పనిలో పడ్డారు.

పోలీసులు పట్టుకెళ్లిన నకలులో బల్లీ లేదు, విషమూ లేదు. మునెప్పను వదిలేశారు. కానీ కుండకు మూత పెట్టగలం, లోకం నోటికి పెట్టగలమా? వాడికి బల్లి మునెప్ప అని పేరు పడింది. ఆ ముహూర్తాల్లో వాణ్ని వంటకు పిలిచినవాడు లేడు. వాడి భార్య కూలికి పోతోందని విన్నాం.

కొన్నాళ్లకు సాహెబు గారి అమ్మాయి నిఖా జరిగింది. మాలాంటి శాకాహారులకు వేరే పందిరి వేయించి, వంటకు మునెప్పను పెట్టారు. సంగతి తెలిసి, విస్తళ్లు వేసినా ఎవరూ కూర్చోలేదు. అందరికీ ఒక్కసారిగా ఎక్కడలేని పనులు గుర్తొచ్చాయి. అప్పుడు పెళ్లికూతురి తండ్రి సాహెబు గారే బిరియానీ వదిలేసి వచ్చి, మా పంక్తి మొదట్లో ఒంటరిగా కూర్చున్నారు.

"వడ్డించు మునెప్పా. తెలీదని రాసినోడు తినకుంటే ఇంగెవురు తింటారు?"

మునెప్ప గరిటె నిండా పోసిన సాంబారు విస్తరి దాటి పారింది. ఆయన రెండోసారి వడ్డించుకుని తిన్నారు. తర్వాత ఒక్కొక్కరే వచ్చి కూర్చున్నారు. మరుసటి ముహూర్తాల నుంచి మునెప్ప పొయ్యి ఆరలేదు.

అంతటి సత్యనిష్ఠను, అంత నిరాడంబరంగా మోసిన మనిషిని నేను మళ్లీ చూడలేదు, చూస్తానన్న ఆశా లేదు. ఆ మహనీయునికి అంజలి ఘటిస్తూ ఒక మాట దాచకుండా చెప్పాలి. ఆనాడు ఆయన నన్ను పేరుపెట్టి పిలిచి, పక్క విస్తరి చూపించారు. కడుపు బాగాలేదన్నాను. రెండో పంక్తిలో, ఆయనకేమీ కాలేదని చూసుకున్నాక కూర్చున్నాను. వికటించిన అన్నం అంత త్వరగా బయటపడదని రికార్డు గదిలో పనిచేసే నాకు తెలియక కాదు. ఆయన ఏనాడూ ఆ ఊసెత్తలేదు. ఆ మొదటి పంక్తిలో, ఆయన లేచేదాకా ఖాళీగా ఉన్న విస్తరి నాది.