కరెంటు పోయిన చాంపియన్

కుస్నాన్ గెలిచాడని నమ్మేవాడు మా సందు మొత్తమ్మీద ఒక్కడే ఉన్నాడు. అది కుస్నానే.

ఇండోనేషియాలో, జావా దీవిలోని కెదిరి ఊళ్ళో, చెరకు మిల్లుకి పోయే దారిలో, రైలు పట్టాలకి ఈవల ఉంటుంది మా సందు. కుస్నాన్ ఇక్కడే పుట్టాడు, ఇక్కడే నలభై దాటాడు. తండ్రి చెరకు లారీల మీద కూలీ. చదువు తొమ్మిదో తరగతితో ఆగింది. ఇంటర్నెట్ దుకాణంలో కంప్యూటర్లు చూసుకుంటూ ఆరేళ్ళు గడిపాడు. అందరి చేతుల్లోకీ ఫోన్లొచ్చి ఆ దుకాణం మూతపడ్డాక, కూరగాయల సంత ముందు మోటారు సైకిళ్ళు సర్దిపెట్టే పనిలో కుదిరాడు. ఈల ఊదుతాడు, బండిని వెనక్కి లాగుతాడు, ఎండ తగలకుండా సీటు మీద అట్టముక్క కప్పుతాడు. ఇచ్చినవాడు ఇస్తాడు, ఇవ్వనివాడు ఫోన్లో మాట్లాడుతున్నట్టు నటించి వెళ్ళిపోతాడు.

ఇంత బతుకులో తనదని అతను చెప్పుకునేది ఒక్కటే. రెండువేల మూడులో, పందొమ్మిదేళ్ళ వయసులో, సర్మిడి దుకాణంలో పోటీ గెలిచాడు. టీవీల ముందు చాపల మీద కూర్చుని, గంటకింతని కట్టి పీఎస్ అనే వీడియో ఆటల యంత్రం మీద ఆడుకునే దుకాణం అది. ఫుట్‌బాల్ ఆటలో ఎనిమిదిమంది పోటీపడితే చివరికి కుస్నాన్, ప్రయిత్ మిగిలారు. సందంతా గుమ్మంలో, కిటికీల్లో వేలాడుతూ ఉండగా కరెంటు పోయింది. జనం గంటన్నర చూసి, తిట్టుకుంటూ ఇళ్ళకి పోయారు. మర్నాడు పొద్దున్నే, సర్మిడి దుకాణం ఊడుస్తుండగా, ఇద్దరూ కూర్చుని ఆడారు. కుస్నాన్ మూడు, ప్రయిత్ ఒకటి. సర్మిడి చీపురు పక్కన పెట్టి గోడగడియారం బహుమతిగా ఇచ్చాడు.

మధ్యాహ్నానికల్లా ప్రయిత్ సందులో ఒకటే మాట తిప్పాడు. "ఫైనలా? కరెంటు పోయింది కదా, ఇంకెక్కడి ఫైనలు?" సర్మిడిని అడిగితే, "మీ గొడవల్లోకి నన్ను లాగకండి బాబూ" అన్నాడు. ఆ దుకాణం గది ప్రయిత్ తండ్రిది మరి. గడియారం చూపిస్తే, "సంతలో వందమంది అమ్ముతున్నారు" అన్నారు. ఆ రోజుతో కుస్నాన్‌కి పేరు పడిపోయింది. కరెంటు చాంపియన్. టీ కొట్టు దగ్గరికి వెళ్తే చాలు, "చాంపియన్ వస్తున్నాడ్రోయ్, మీటరు చూసుకోండి" అని ఎవడో ఒకడు అనేవాడు. మా సందువాళ్ళు ఒక ఎగతాళి పట్టుకుంటే పళ్ళూడినా వదలరు. ఇరవయ్యేళ్ళయింది, ఇంకా ప్రతిసారీ కొత్తగా విన్నట్టే నవ్వుతారు.

మరొకడైతే ఊరుకునేవాడు. కుస్నాన్ ఊరుకోలేదు, వాదించాడు. వాదించే కొద్దీ వాళ్ళకి అది వినోదమైంది. ఆ పాటి తెలివి అతనికి లేదని చెప్పడానికి నాకేమీ మొహమాటం లేదు.

భార్య రుమినీ ఇంటి ముందే బల్ల వేసుకుని, ఉడికిన ఆకుకూరల మీద వేరుశెనగ ముద్ద కలిపి పోసే పెచెల్ అమ్ముతుంది. పెళ్ళైన మొదటి ఏడు ఆమె నమ్మింది. గడియారాన్ని తనే తుడిచేది. తర్వాత ఒక రంజాను పండగ భోజనాల దగ్గర ఆమె అన్న, "మా బావ చాంపియనే, కాదన్నదెవరు? కరెంటు ఉండుంటే తెలిసేది" అన్నాడు. అందరూ నవ్వారు. రుమినీ కూడా నవ్వింది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, భుజాలు కదిలేలా నవ్వింది. సందు నవ్వులన్నీ ఒక ఎత్తు, ఆ నవ్వు ఒక ఎత్తు. ఆమె ఒక్కతె "నిజమే" అంటే చాలు, మిగతా సందంతా ఏట్లో కొట్టుకుపోయినా కుస్నాన్‌కి బాధ లేదు.

ఈ ఏడు ఆగస్టు పదిహేడు స్వాతంత్ర్య పండగకి మా సందు కుర్రకారు కొత్త పోటీ ఒకటి పెడదామనుకున్నారు. గోతాంలో దూకే పోటీ, వేలాడే అప్పడాలు చేతులు కట్టుకుని కొరికే పోటీ ఎప్పుడూ ఉండేవే. ఈసారి పాత పీఎస్ ఆటలు. యంత్రాలు ఇప్పుడెక్కడున్నాయి? కంప్యూటర్‌నే ఆ పాత యంత్రంలా నడిపించే ప్రోగ్రాం ఉంటుంది, దాన్ని ఎమ్యులేటర్ అంటారు. సందు కుర్రాళ్ళ సంఘం గదిలో ఉత్తరాలు కొట్టే కంప్యూటర్ ఒకటుంది. దాన్ని సిద్ధం చేసే మనిషి కావాలి.

సంఘం నడిపే ఫెందీ టీ కొట్టు దగ్గర ఈ మాట అనగానే, "నేను చేసిపెడతా" అన్నాడు కుస్నాన్.

"మీరా లిక్? కరెంటు ఉండగానే?" అన్నాడు ఫెందీ; బాబాయి వరసవాణ్ణి మా దగ్గర లిక్ అంటారు. కొట్టంతా గొల్లుమంది.

కుస్నాన్ ఈసారి వాదించలేదు. అతని మనసు అప్పటికే ఇంకోచోట ఉంది. సర్మిడి పోయి రెండేళ్ళయింది. ప్రతి పోటీనీ మెమరీ కార్డులో దాచిపెట్టే అలవాటు ఉండేది సర్మిడికి. ఆటలోని ఎనిమిది జట్లకి ఎనిమిదిమంది పేర్లు పెట్టి, ఎవరు ఎవర్ని ఎంతకి ఓడించారో మొత్తం పట్టిక కార్డులో ఉంచేవాడు. యంత్రాలన్నీ ఎప్పుడో పాత సామాన్లకి పోయాయి. కార్డులు పోయి ఉండకపోవచ్చు.

కుస్నాన్ వెళ్ళి అడిగితే సర్మిడి భార్య, సందంతా బు సర్మిడి అని పిలిచే పెద్దావిడ, బిస్కెట్ల డబ్బా తెచ్చి గడప మీద పెట్టింది. "ఇదుగో నాయనా, ఈ చెత్త పడేద్దామనుకుంటూనే ఉన్నా. అంతా పట్టుకుపో." డబ్బా అడుగున, సర్మిడి వంకర అక్షరాలతో "కప్పు, 2003" అని కాగితం అంటించిన బూడిదరంగు కార్డు దొరికింది. కుస్నాన్ అక్కడే చతికిలపడ్డాడు. బు సర్మిడి మంచినీళ్ళు తెచ్చిచ్చింది.

మూడు రోజులు సంత పని మానేసి సంఘం గదిలో కూర్చున్నాడు. ప్రోగ్రాం దింపడం తేలికే. ఆ పాత యంత్రం మేలుకోగానే ముందు చదువుకునే చిన్న ఫైలు ఒకటుంటుంది, అది లేకపోతే తెర నల్లగా ఉండిపోతుంది. దాన్ని తన పాత డిస్కుల్లోంచి వెతికి తీశాడు. గీతలు పడ్డ ఆట సీడీకి పళ్ళు తోముకునే పేస్టు రుద్ది, కడిగి, ఆరబెట్టి, నాలుగోసారికి కంప్యూటర్‌లోకి ఎక్కించాడు. ఆట మొదలైంది గానీ ఆటగాళ్ళు కుక్కలు తరిమినట్టు పరిగెత్తారు. ఆ వేగం తగ్గించాడు. శబ్దం గరగరలాడింది, సరిచేశాడు. చేతిలో పట్టుకునే మీటల పెట్టెల్లో ఏ మీట దేనికో ఒక్కొక్కటే నొక్కి నేర్పాడు. చివరికి మెమరీ కార్డుని చదివే తీగ ఒకటి బజారులో కొనుక్కొచ్చి, తలుపు దగ్గరికి వేసి, పాత కార్డులోనిదంతా కంప్యూటర్‌లోకి దించాడు.

పట్టిక తెరుచుకుంది. చివరి గడిలో కుస్నాన్ మూడు, ప్రయిత్ ఒకటి. దేవుడు ఉన్నాడనుకున్నాడు కుస్నాన్. ఎవరికీ చెప్పలేదు. ఆదివారం, అందరి ముందూ చూపించాలనుకున్నాడు.

అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. కానీ శుక్రవారం కుర్రాళ్ళంతా గదిలోకొచ్చి, ఆట కళకళలాడుతుంటే చూసి, నోళ్ళు తెరిచారు.

"లిక్, మీరు మామూలోళ్ళు కాదు!"

"ఈయన సంత ముందు ఈల ఊదటమేంట్రా, జకార్తాలో ఉండాల్సిన మనిషి!"

ఇరవయ్యేళ్ళలో మొదటిసారి ఎవరో అతన్ని మునగచెట్టెక్కిస్తున్నారు. ఎక్కాడు. ఫెందీ, "మన సందువాళ్ళ పేర్లు పెట్టొచ్చా లిక్ జట్లకి?" అని అడిగాడు.

"పేర్లేంట్రా పిచ్చోడా, స్కోర్లే తిరగరాస్తా చూడు" అన్నాడు కుస్నాన్. వేరే ఆట కార్డు ఫైలొకటి తెరిచి, అంకెలు మార్చి, సున్నా చోట తొమ్మిది పెట్టాడు. ఆట తెరిచి చూపిస్తే, నిజంగానే తొమ్మిది. కుర్రాళ్ళు ఈలలేశారు. "మళ్ళీ అసలు కార్డులోకి కూడా ఎక్కించొచ్చు, ఈ తీగ రెండువైపులా పనిచేస్తుంది" అన్నాడు. టీ తెప్పించారు, వేయించిన అరటికాయ తెప్పించారు. ఆ సాయంత్రం ఇంటికి నడుస్తుంటే అతని కాళ్ళు నేల మీద లేవు.

ఆదివారం పదింటికి సంఘం గది ముందు పందిరి కిందికి కంప్యూటర్ తెచ్చి, పెద్ద తెరకి కలిపారు. రుమినీ పెచెల్ బల్ల అక్కడికే మార్చుకుంది. ప్రయిత్ ముందు వరసలో కుర్చీ వేసుకున్నాడు. ఇప్పుడతను మా సందు పెద్ద. మోటారు సైకిళ్ళ విడిభాగాల దుకాణం, రెండంతస్తుల ఇల్లు, ఎవరికి ఏ కాగితం మీద సంతకం కావాలన్నా అతని దగ్గరికే.

కుర్రాళ్ళ ఆటలు అయ్యాక కుస్నాన్ మైకు తీసుకున్నాడు. "సర్మిడిగారి కార్డు దొరికింది. చూడండి. అందరూ చూడండి" అన్నాడు. తెర మీద పట్టిక వచ్చింది. ఎనిమిది పేర్లు, చివర మూడు, ఒకటి.

ఒక నిమిషం ఎవరూ నవ్వలేదు. రుమినీ గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది. ఆమె పెదవులు కదలబోవడం కుస్నాన్ చూశాడు.

ప్రయిత్ కుర్చీలోంచి లేవకుండానే, మెల్లగా, పెద్దమనిషి గొంతుతో అడిగాడు. "ఒరేయ్ ఫెందీ, శుక్రవారం సున్నాని తొమ్మిది చేసింది ఎవర్రా? నువ్వే కదా నాకు చెప్పి మురిసిపోయావ్?"

ఫెందీకి ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక నవ్వాపుకోలేకపోయాడు. "అబ్బ లిక్! మూడు రోజులు తలుపేసుక్కూర్చుంది ఇందుకా!"

పందిరి ఊగిపోయేలా నవ్వారు. "తొమ్మిదే పెట్టుకోవాల్సింది మస్, మూడుతో సరిపెట్టావేం!" అని, ఈడువాళ్ళనీ మొగుళ్ళనీ పిలిచే ఆ మర్యాద పిలుపుతోనే, ఒకడు. "ప్రయిత్‌కి ఒకటిచ్చాడ్రా, దయగలవాడు!" అని ఇంకొకడు.

"అసలు కార్డు ఉంది!" అని అరిచాడు కుస్నాన్. "ఇదుగో, ఇది పెట్టి చూడండి, సర్మిడిగారి చేతిరాత చూడండి!"

"ఆ తీగ రెండువైపులా పనిచేస్తుందన్నారుగా లిక్" అన్నాడు ఫెందీ. వాడికి పాపం పగేమీ లేదు. గుర్తున్నది చెప్పాడు.

ఆ కాలపు కార్డులు తేదీలు రాసుకోవు. కుస్నాన్ జనంలో కూర్చున్న బు సర్మిడి వైపు తిరిగాడు. "నాకేం తెలుసు నాయనా, డబ్బా ఇచ్చాను, అందులో ఏమున్నాయో నేను చూశానా" అందామె.

చివరికి ప్రయిత్ ముందు నిలబడ్డాడు. "నువ్వు చెప్పు మస్. ఆడామా లేదా? ఒక్క మాట చెప్పు. నిన్ను ఇంకేమీ అడగను."

ప్రయిత్ చాలా జాలిగా చూశాడు. "నాకు గుర్తున్నంతవరకు కరెంటు పోయింది మస్" అన్నాడు. ఈసారి నవ్వులకి చప్పట్లు కూడా తోడయ్యాయి. ప్రయిత్ లేచి, కుస్నాన్ భుజం మీద చెయ్యేసి, జనం వైపు నవ్వుతూనే, నోరు అతని చెవికి దగ్గరగా తెచ్చాడు.

"నీ మూడో గోలు కార్నర్ నించి. మావాడి కాలికి తగిలి లోపలికెళ్ళింది. ఇప్పటికీ అప్పుడప్పుడు కల్లోకొస్తుంది."

కుస్నాన్ తల తిప్పి అతని మొహంలోకి చూశాడు. "మరి ఎందుకు..."

"నాకు అన్నీ ఉన్నాయి. నీకు అదొక్కటుంటే చాలంటావు చూడు, అది నేను ఓర్చుకోలేను." భుజం తట్టి వదిలేసి, గట్టిగా అన్నాడు. "ఒరేయ్, కంప్యూటర్ ఇంత బాగా చేసిపెట్టిన మనిషి, ఆయనకి రెండు అన్నం పొట్లాలివ్వండ్రా!"

ఎవరో పొట్లాలు తెచ్చి చేతిలో పెట్టారు. తెర మీద పట్టిక తీసేసి అప్పడాల పోటీకి దారాలు కట్టడం మొదలుపెట్టారు. కుస్నాన్ జనంలోంచి తోసుకుంటూ పెచెల్ బల్ల దగ్గరికి వచ్చాడు.

"రుమినీ, వాడు ఒప్పుకున్నాడే! ఇప్పుడే, నా చెవిలో! మూడో గోలు కార్నర్ నించి అన్నాడు, కల్లోకొస్తుందన్నాడు!"

రుమినీ గరిటె కింద పెట్టింది. కొంగుతో అతని మొహం మీది చెమట తుడిచింది. చాలా ఏళ్ళ తర్వాత అంత మెత్తగా మాట్లాడింది.

"చెవిలో చెప్పాడా? సరేలే మస్. ఈ మాట నేను ఎవరితోనూ అనను, నువ్వూ అనకు."