హంతకుడెవరో ముందే చెప్పే నల్లప్ప సార్

నల్లప్ప సార్ ఎవరికైనా పుస్తకం ఇచ్చేముందు దాని ముగింపు చెప్పేస్తారు. ఆయనకున్న దుర్గుణం అదొక్కటే. తాగరు, పొగ తాగరు, ఒకరి గురించి చెడు మాట్లాడరు. కానీ మీరు నవల చేతిలోకి తీసుకున్నారంటే చాలు, మూడు వందల పేజీల తరవాత జరగాల్సింది మూడు సెకన్లలో జరిగిపోతుంది. పోనీ గుసగుసగా చెబుతారా అంటే, అదీ లేదు. ముప్పైరెండేళ్లు డ్రిల్లు మాస్టారుగా పనిచేసిన మనిషి. మైదానం ఆ చివర గోడ దూకుతున్న పిల్లవాణ్ణి ఈ చివర నుంచి ఒక్క కేకతో వెనక్కి దూకించిన గొంతు అది. ఆయన ఒకరికి ముగింపు చెబితే వీధికి చెప్పినట్టే.

రిటైరయ్యాక ఆయన ఓ పాత బడి వ్యాను కొని, సీట్లు పీకించి, అరలు కొట్టించి, పుస్తకాలు నింపారు. సోమవారం మదనపల్లె, బుధవారం పుంగనూరు, శుక్రవారం కుప్పం. ఎవరైనా తీసుకోవచ్చు, చదివి తిరిగి ఇవ్వాలి, అంతే. మొదట్లో ఆయనే తోలుకునేవారట, తరవాత ఆ వ్యానుకు డ్రైవరుగా నేను చేరాను. అంతకుముందు మదనపల్లె మార్కెట్టు నుంచి టమోటా లోడు తోలేవాణ్ణి. ఆ ఉద్యోగంలో ఎన్ని కష్టాలున్నా, టమోటాలు ఎప్పుడూ నాకు కథ చెప్పి చెడగొట్టలేదు.

మొదటి రోజే నేనో అపరాధ పరిశోధన నవల తీసుకున్నాను.

"అదా శేఖరప్పా? బలే పుస్తకం. తోటమాలి మీద అనుమానం వస్తాది, నమ్మొద్దు. సంపింది చెల్లెలు."

"సార్! నేనింకా అట్ట కూడా తిప్పల్యా!"

"అందుకే ముందే చెప్తాండా. ఇంగ నెమ్మదిగా సదువుకో."

మదనపల్లెలో నాగేంద్ర అనే మెకానిక్కుకు దెయ్యం కథలంటే ప్రాణం. వణుకుతూ చదవాలని ఓ లావుపాటి పుస్తకం ఎంచుకుని, అప్పటికే సగం వణుకుతున్నాడు. "దెయ్యం ల్యా, ఏమీ ల్యా అప్పా," అన్నారు సార్ భుజం తట్టి. "అటకమీద తిరిగేది వాళ్ల అత్త." నాగేంద్ర మొహంలోంచి దెయ్యం దిగిపోయింది. చంద్రుడి మీద ఊరు కట్టుకునే వాళ్ల కథ తీసుకున్న కాలేజీ పిల్లలకు, "నూట తొంబయ్యో పేజీలో నీళ్లు దొరుకుతాయి, అందాకా ఓపిక పట్టండి," అని ధైర్యం చెప్పారు.

కుప్పంలో వీణ అని ఓ అమ్మాయి ఉంది. రోజూ రైల్లో బెంగుళూరుకు ఉద్యోగానికి పోయి వస్తుంది. శుక్రవారం సాయంత్రం స్టేషను దగ్గర మా వ్యాను ఆగగానే పరిగెత్తుకొచ్చి ప్రేమకథలు వెతుక్కుంటుంది. ఓసారి అట్టమీద గులాబీ ఉన్న నవల తీసి గుండెకు హత్తుకుంది.

"వాళ్లిద్దరికీ పెండ్లి కాదు తల్లీ," అన్నారు సార్. "ఆ పిల్ల టీచరుద్యోగానికి పోతాది. బాగానే ఉంటాది. వాడే మీసాలు పెంచుకోని అట్లే ఉండిపోతాడు."

"సార్! సోమవారం రైల్లో రెండు గంటలు నేనేం సెయ్యాల?"

"కిటికీలోంచి సూడు. బంగారుపేట దాకా బాగుంటాది."

అందరికంటే ఎక్కువ నష్టపోయింది పుంగనూరు జయచంద్ర గారు. రెవెన్యూలో పనిచేసి రిటైరయ్యారు. హత్య లేనిదే పుస్తకం ముట్టరు. మొదట చెవుల్లో దూది పెట్టుకుని వచ్చారు. ఆ గొంతు ముందు దూది ఎంత! తరవాతి బుధవారం హెల్మెటు పెట్టుకుని వచ్చారు. అద్దం కూడా దించి, చేత్తో చూపించి పుస్తకం అడిగారు. సార్ పుస్తకం ఇచ్చారు, నోరు విప్పి చూశారు, వినబడటం లేదని గ్రహించారు. వెంటనే వ్యాను దిగి, రోడ్డు మీద నాలుగడుగులు కుంటుతూ నడిచి, పైపెదవి మీద మీసం మెలేసి చూపించారు. ముప్పైరెండేళ్ల డ్రిల్లు ఊరికే పోదు. హంతకుడు మీసాలున్న కుంటివాడని హెల్మెటు లోపలిదాకా తెలిసిపోయింది.

"నేను జేసిన పాపమేందయ్యా!" అని హెల్మెటులోంచే అరిచారు జయచంద్ర గారు.

ఆ వారమే ఆయన అర్జీ రాశారు. రెవెన్యూ మనిషి కదా, మూడు పేజీలు, పేరా పేరాకూ నంబరు. మూడు ఊళ్లలో ముప్పైయొక్క సంతకాలు. వ్యాను తలుపు మీద ఓ బోర్డు అతికించారు: 'ముగింపులు చెప్పబడవు'. నల్లప్ప సార్ అర్జీ మొత్తం చదివి, చివరి పేజీ నాకేసి తిప్పారు.

"నీ సంతకం బాగుండాది శేఖరప్పా. గుండ్రంగా."

నేను గుడ్డ తీసుకుని వ్యాను అద్దం తుడవడం మొదలుపెట్టాను.

ఆ తరవాత సార్ నిజంగానే నోరు కట్టేసుకున్నారు. ఎవరైనా నవల తీస్తే పెదవులు వణికేవి, మెడనరాలు ఉబ్బేవి, చివరికి పెద్దగా దగ్గేవారు. జనం సంతోషించారు. నాగేంద్ర వారం రోజులు దీపం ఆర్పకుండా పడుకున్నానని గొప్పగా చెప్పుకున్నాడు. వీణ ఓ ప్రేమకథ చదువుతూ దిగాల్సిన స్టేషను దాటిపోయింది.

పుంగనూరులో వెంకటరత్నమ్మ అనే ఆమె రెండేళ్లుగా ప్రతి బుధవారమూ వచ్చేది. యాభై దాటిన మనిషి. ఒకప్పుడు బట్టలు కుట్టే అంగడి ఉండేదట, మూసేసింది. మాట తక్కువ. బోర్డు పెట్టిన మొదటి బుధవారం ఆమె ఓ పుస్తకం తీసి, సార్ మొహంలోకి చూస్తూ నిలబడింది. సార్ బోర్డు వైపు చూశారు. ఆమె పుస్తకం మళ్లీ అరలో పెట్టి వెళ్లిపోయింది. రెండో బుధవారమూ అంతే. మూడో బుధవారం రాలేదు.

ఆ రోజు సార్ సంగటి డబ్బా మూత కూడా తీయలేదు. శుక్రవారం కుప్పం పోతూ పలమనేరు దాటాక నేనే అడిగాను.

"ఆమె రాకపోతే మీకేంటికి సార్ అంత బాధ?"

సార్ చెప్పారు. "ఇది నీ దగ్గరే ఉండల్ల. ఆమె కొడుకు బైకు మీద పోతా లారీ కింద పడి సచ్చిపోయినాడు. ఆపైన ఇంట్లోనించి మొదటిసారి బయటికొచ్చింది మన వ్యాను దగ్గరికే. నవ్వు పుట్టించేది ఇయ్యమనింది. అట్టమీద బొమ్మ సూసి నేనొకటి ఇస్తి. సదవకుండానే ఇస్తినప్పా! సగానికొచ్చేతలికి దాంట్లో పిల్లోడు రోడ్డు మీద సచ్చిపోతాడు. మళ్లా బుధవారం పుస్తకం తెచ్చి, 'ఒక్క మాట ముందే చెప్పింటే బాగుండు కదా సార్' అనింది. ఆ పొద్దు మొదులు, సదవకుండా నేనొక్క పుస్తకం కూడా అరలో పెట్టల్యా. చెప్పకుండా ఇయ్యల్యా."

"ఆమెకొక్కదానికే చెవిలో చెప్పొచ్చు కదా సార్. మాకందరికీ చెప్పేది యాల?"

"అట్లే చెప్పబోతి. ఆమె ఒప్పుకోల్యా. 'వీధిలో అందరూ నన్ను కొడుకు పోయినామె అంటారు సార్. ఈడ మాత్రమే నేను పుస్తకాలు సదివే ఆమెను. ఈడ కూడా నన్ను పక్కకు పిలిస్తే ఇంగ యాడికి పోయేది?' అనింది. అందుకే ఊరందరికీ చెప్తా ఉండా. అందరితోపాటు ఆమె."

కుప్పం చేరాక బోర్డు పీకి సీటు కింద పడేశాను.

తరవాతి బుధవారం పుంగనూరులో జయచంద్ర గారు హెల్మెటుతో సహా మండిపడ్డారు.

"బోర్డు యాడ? ఎవురు పీకింది?"

"నేనే సార్."

"యాల పీకితివి? ముప్పైయొక్క సంతకాలు! నీదీ ఉండాది!"

కారణం చెప్పలేను. అంతలో ఆ మధ్యాహ్నపుటెండలో, వరసకు కాస్త దూరంగా, వెంకటరత్నమ్మ నిలబడి ఉండటం చూశాను. ఆమె ముందుకొచ్చింది.

"నాకోసమేనన్నా ఇదంతా. మావాడు పోయినప్పటినించి, కథలో ఎవురు సచ్చిపోతారో ముందే తెలీకుంటే నేను సదవలేను. సార్ నాకోసం చెప్తా ఉండారు. తిట్లు ఆయన తింటా ఉండారు."

జయచంద్ర గారు మెల్లగా హెల్మెటు తీశారు. చెమటకు జుట్టంతా నెత్తికి అతుక్కుపోయి ఉంది. చేతిలోని కొత్త నవలను సార్ ముందు పెట్టారు.

"నల్లప్ప అయ్యోరా, దీంట్లో సంపిందెవురు? గట్టిగా చెప్పండి."

నల్లప్ప సార్‌ మైదానం నాటి గొంతు మళ్లీ లేచింది. "వంటామె!"

"వంటామెనా?" జయచంద్ర గారు తల పట్టుకున్నారు. "నేను డాక్టరనుకుంటి కదయ్యా!"

మొదట నవ్వింది వెంకటరత్నమ్మ. ఆ తరవాత వరసంతా నవ్వింది.

ఆ రోజు నుంచి పుంగనూరులో కొత్త ఆచారం వచ్చింది. ఎవరు పుస్తకం తీసుకున్నా వాళ్లే అడుగుతారు, "ఎవురు పోతారు సార్ దీంట్లో?" అని. ఈ సంగతి నేను వీణకు గానీ నాగేంద్రకు గానీ చెప్పలేదు. కుప్పంలో ఆ అమ్మాయి ఇప్పటికీ చెవులు మూసుకుని పుస్తకం లాక్కుని పారిపోతుంది.

మొన్న వానలు మొదలైనప్పుడు వెంకటరత్నమ్మ కుట్టుమిషను దుమ్ము దులిపి అంగడి మళ్లీ తెరిచింది. ఆ బుధవారం ఓ నవల తీసింది. సార్ నోరు తెరవబోతే చెయ్యి అడ్డం పెట్టింది.

"దీనికొక్కదానికి చెప్పొద్దు సార్. నేనే పోయి సూసొస్తా."

సార్ మొహం పాలిపోయింది. అందులో నూట అరవయ్యో పేజీలో నాయన చనిపోతాడు. వారమంతా నాకు ఫోన్లే. "శేఖరప్పా, ఆమె ఇప్పుడు యాడిదాకా వచ్చుంటాది? నూట అరవై దాటుంటాదా?" నాకేం తెలుస్తుంది? దాటుంటుందిలే సార్ అని రోజూ అబద్ధం చెప్పాను.

బుధవారం ఆమె వచ్చింది. పుస్తకం బల్ల మీద పెట్టింది.

"ఏడిసినా సార్. రెండు దినాలు ముట్టుకోల్యా. ఆపైన మిగిలింది సదివినా." కళ్లు తుడుచుకుని నవ్వింది. "బాగుండాది. కడదాకా సదవాల్సిన పుస్తకమే."

వెనకే నిలబడ్డ జయచంద్ర గారు ఆత్రంగా ఆ పుస్తకం అందుకున్నారు. వెంకటరత్నమ్మ ఆయన వైపు తిరిగింది.

"అన్నా, దీంట్లో ఆ నాయన ఉండాడే..."

"చెప్పొద్దమ్మా!" అని అరిచారు నల్లప్ప సార్. "పాపం, ఆయప్పను సదువుకోనీ!"

ఆమె ఆగితేనా! నాయన సంగతి, కూతురి సంగతి, వాళ్లు ఊరు వదిలి ఇంకో ఊళ్లో అంగడి పెట్టుకోవడం, అన్నీ వరసగా చెప్పేసింది. గొంతు కూడా బాగానే ఉంది.