ఒత్తు ఎవరు పట్టారు?

నమ్మరని తెలుసు. అయినా నాకు అన్నం పెట్టే నాదస్వరం మీద చెయ్యేసి చెబుతున్నా... ఇందులో ఒక్క ముక్క కూడా కల్పించలేదు. ఆ రాత్రి కారులో ముగ్గురం ఉన్నాం. నేను, మా డోలు గంగాధరం, మా నాయన. గంగాధరాన్ని అడిగితే మాట మార్చేస్తాడు. నాయనను మాత్రం అడగొద్దు.

మాది చిత్తూరు పక్క మేళం వాయించే కుటుంబం. నాయన నలభై ఏళ్లు ఒత్తు ఊదాడు. ఒత్తు తెలుసుగా, ఒకే స్వరం పలికే పొడుగాటి బూర. పక్కన మేం ఎన్ని రాగాలు తిప్పినా అది మాత్రం... ఊఁ... అని తెగకుండా సాగుతూనే ఉండాలి. ముక్కుతో పీల్చి, బుగ్గల్లో నింపి, ఆపకుండా ఊదాలి. నాయనకు ఊపిరితిత్తులు చెడిపోయాయి. ఇంక ఊదితే మనిషి దక్కడని డాక్టరు తేల్చి చెప్పాక ఒత్తు బదులు కరెంటు శ్రుతిపెట్టె కొన్నాను. దాని బటన్ నొక్కే పని నాయనది. ఆ ఒక్క బటన్ కోసం పట్టుపంచె కట్టుకుని మరీ బయల్దేరతాడు మహానుభావుడు!

మా ఇంట్లో ఒక కట్టడి ఉంది. ముందు నాదస్వరం ఆగాలి. తర్వాత డోలు. ఒత్తు అన్నిటికన్నా చివర. ఎందుకని చిన్నప్పుడు అడిగితే నాయన చెప్పేవాడు.

"అన్నిటికన్నా ముందు పుట్టింది ఒత్తేరా. దాన్ని ఎవురు ఊదతా ఉండారో ఎవురికీ తెలీదు. ఈ భూమి, నువ్వు, నేను... అంతా దాని మీద వాయించే పాటే. మేళం పెట్టినప్పుడు మనం ఆ ఒత్తులోంచి రోంత అడుక్కుంటాం. పాట ముగీకముందే తెంపితే, పట్టుకునేదానికి అది ఇంకొకర్ని ఎతుక్కుంటాది."

నేను నమ్మలేదు. పిల్లలు శ్రుతి చెడగొట్టకుండా పెద్దవాళ్లు పెట్టిన భయం అనుకున్నాను.

ఆ రాత్రి రేణిగుంట దగ్గర పెళ్లి మేళం. ముగిసేసరికి పదకొండు దాటింది. నా వాయింపు అయిపోయింది. గంగాధరం చివరి ముక్తాయింపు కొడుతున్నాడు, మూడుసార్లు తిప్పి కొట్టి పాట ముగించే దరువు. నా ఫోన్ చచ్చిపోయింది. పందిట్లో ఉన్నది ఒకటే ప్లగ్గు. ఇంకెంతసేపులే అని... శ్రుతిపెట్టె వైరు పీకి నా చార్జర్ పెట్టేశాను.

గంగాధరం చెయ్యి సగంలోనే ఆగిపోయింది. ముక్తాయింపు పూర్తి కాలేదు. నాయన తిడతాడనుకున్నా. తిట్టలేదు. "ఎంత పని చేసినావురా..." అన్నాడంతే. ఆయన మొహంలో నెత్తురు లేదు.

తిరుగు దారిలో రైల్వే గేటు పడింది. ఇంజిన్ ఆపి అద్దాలు దించాను. పక్క సీట్లో నాయన. వెనక సీట్లో డోలు ఒళ్లో పెట్టుకుని గంగాధరం. ముందూ వెనకా ఇంకో బండి లేదు.

అప్పుడు మొదలైంది. ఊఁ...

"యాడిదప్పా ఆ సద్దు?" అన్నాడు గంగాధరం.

ట్రాన్స్‌ఫార్మర్ అనుకున్నా. కాదు. శ్రుతిపెట్టె చూశాను. దాని వైరు నా కాళ్ల దగ్గర చుట్టి పడుంది. కానీ అదే శ్రుతి... మేం వాయించిన రెండున్నర శ్రుతి. వెంట్రుకంత తేడా లేదు. అది చెవుల్లోకి రావడం లేదు... పళ్లలోంచి, ఎముకల్లోంచి వస్తోంది. సీసాలో నీళ్లు వణుకుతున్నాయి.

"డోలు అదరతా ఉంది. నేను ముట్టుకోల్యా," అన్నాడు గంగాధరం.

గూడ్సు బండి వచ్చింది. కళ్ల ముందే వ్యాగను తర్వాత వ్యాగను... పోతోంది. చప్పుడు లేదు. ఇంత కూడా లేదు. అంత బండి, చప్పుడు లేకుండా! ఆ ఊఁకారం ఒక్కటే.

నాయన వైపు తిరిగాను...

నిటారుగా కూర్చుని ఉన్నాడు. కళ్లు తెరిచే ఉన్నాయి. బుగ్గలు ఉబ్బి ఉన్నాయి. రెండు చేతులూ లేని ఒత్తును పట్టుకుని ఉన్నాయి. ముక్కు కింద వేలు పెట్టాను. గాలి లేదు. ఛాతీ మీద చెయ్యేశాను. కదలిక లేదు. ఆ మోత మాత్రం లోపల... ఆయన లోపల.

"నాయనా!" అని కుదిపాను. రాయిలా ఉన్నాడు. పెదాలు నీలమవుతున్నాయి. నా వల్లే పోతున్నాడు... ఆ ఒక్కటే తెలిసింది నాకు.

"గంగా, ముక్తాయింపు కొట్టు! వదిలేసిన కాడి నుంచి కొట్టు!"

గంగాధరం ఏడుస్తూనే ఉత్త వేళ్లతో కొట్టాడు. ఒకసారి. రెండోసారి. లెక్క తప్పి మళ్లీ మొదటికొచ్చాడు. మూడోసారి తిప్పి చివరి దెబ్బ వెయ్యగానే... నాయన బుస్సుమని ఊపిరి వదిలాడు. అదే క్షణం గూడ్సు చప్పుడంతా మీద పడింది. చెవులు మూసుకున్నాను.

నాయన చాలాసేపు దగ్గాడు. తర్వాత నన్ను చూసి, "ఎందుకురా నా చేతిలో ఒత్తు దించేసినావు?" అన్నాడు. "ఆడ ఊదేవానికి ఆయాసం వచ్చేసినాది. రోంతసేపు పట్టుకోమన్నాడు. నాకు తెలిసిన పని అదొకటే గదా..."

ఇది జరిగి నాలుగు నెలలు. నాయనకు ఫిట్స్ వచ్చి ఉంటాయంటాడు డాక్టరు. మరి చప్పుడు చెయ్యని రైలు? భయంతో చెవులు మూసుకుపోయి ఉంటాయట. అయ్యుండొచ్చు. మా ఇద్దరికీ ఒకేసారి మూసుకుపోతాయా? నాకు తెలీదు.

మొన్న భోజనం దగ్గర నాయన మెల్లగా అన్నాడు. "వాడు మళ్లా పిలిస్తే పోతా. ఈ తూరి డోలు కొట్టొద్దని గంగనికి చెప్పు."

నాకు ఒళ్లు మండిపోయింది. కంచం తోసేశాను. "లోకం నిలబడితే నాకేం, కూలితే నాకేం నాయనా? నువ్వు కావాల నాకు. కావాల్సొస్తే ఇంకెవురినన్నా పట్టుకోమను!" అని అరిచాను.

నాయన ఎంగిలి చెయ్యి కడుక్కుని వచ్చి నా తల నిమిరాడు.

"ఇంకెవురుండారురా..." అన్నాడు. "నా తర్వాత నువ్వే గదా."