ముందు చెప్పినవాళ్లకే ముందు నీళ్లు

మొన్న పొద్దున సైనిక్‌పురిలో బండి ఆపి పాల ప్యాకెట్లు కొంటుంటే, పక్క మైదానంలో బంతి గ్లవ్‌లో పడిన చప్పుడు వినిపించింది. ఠప్పుమని, బరువుగా. చూడకుండానే చెప్పగలను, అది సాఫ్ట్‌బాల్. నా ఎడమ అరచెయ్యి చురుక్కుమంది. ఇద్దరు పిల్లల తల్లిని, నడిరోడ్డు మీద నిలబడి అరచెయ్యి రుద్దుకుంటుంటే కొట్టు ఆయన వింతగా చూశాడు. నాకు గౌస్ సార్ గుర్తొచ్చారు.

ఆయన మా డిగ్రీ కాలేజీ సాఫ్ట్‌బాల్ కోచ్. మిలిటరీలో పనిచేసి వచ్చి, నేరేడ్‌మెట్‌లో ఇల్లు కట్టుకుని, ఏడాదికోసారి కాగితం మార్చే కాంట్రాక్టు మీద మా దగ్గర చేరారు. ప్రాక్టీసు అయ్యాక నాలుకలు పిడచకట్టుకుపోయి మేమంతా నీళ్ల క్యాను చుట్టూ మూగితే, సార్ మూత మీద చెయ్యి పెట్టి నిలబడేవారు. ఆ రోజు చేసిన తప్పు ఎవరికి వారే చెప్పాలి. "ముందు చెప్పినోళ్లకు ముందు నీళ్లు. ఒకరి తప్పు ఇంకొకరు చెప్తే ఇద్దరికీ ఆఖరున," అనేవారు. తన తప్పు కూడా చెప్పి, అందరి తర్వాత తాగేవారు. మొదట్లో నాకు ఒళ్లు మండేది. "ఏంది సార్ ఇది, జైలా?" అని ఎదురు తిరిగాను కూడా. నాకు నోరెక్కువే లెండి. ఆయన నవ్వి, "జైల్ల ఒప్పుకునేటోళ్లు ఎక్కడుంటరు బిడ్డా? అందరూ నేను చెయ్యలే అనేటోళ్లే," అన్నారు. నెల తిరిగేసరికి "సార్, నాది! సార్, నాది!" అని తోసుకుంటూ తప్పులు చెప్పడం మాకు సరదా అయిపోయింది. దాచుకోవడం మానేశాక ఆట బాగుపడింది. ఆ ఏడు ఒక్కో మ్యాచ్ గెలుస్తూ కాలేజీల పోటీ ఫైనల్ దాకా వచ్చాం.

నాకు ఆ కప్పు చాలా అవసరం. నాన్న ఆటో నడిపేవాడు. డిగ్రీతో చదువు చాలని ఇంట్లో తేల్చేశారు. ఛాంపియన్ సర్టిఫికెట్ ఉంటే స్పోర్ట్స్ కోటాలో పీజీ సీటు వస్తుందన్న ఒక్క ఆశ మీద ఉన్నాను. ఆఖరి ఇన్నింగ్స్‌లో మేం ఒక్క పరుగు ముందున్నాం. ఇంకొక్కరు అవుటైతే కప్పు మాదే. వాళ్ల అమ్మాయి పరుగు పూర్తి చెయ్యడానికి మూడో బేస్ నుంచి హోమ్ ప్లేట్‌కు దూసుకొచ్చింది. అక్కడ కాపు కాసే క్యాచర్‌ని నేను. బంతి అందింది. ఆమె ప్లేట్ చేరేలోగా బంతి ఉన్న గ్లవ్ ఆమెకు తాకించాలి, అంతే. చెయ్యి చాచాను. దుమ్ము లేచింది. తాకలేదు. బెత్తెడు దూరంలో తప్పిపోయింది. అంపైర్‌కు నా వీపు అడ్డం. "అవుట్!" అని చెయ్యెత్తాడు. మావాళ్లంతా వచ్చి నా మీద పడ్డారు. ఆ అమ్మాయి నేల మీద కూర్చుని "తాకలే సార్, తాకలే" అని అరుస్తోంది. ఆ గోలలో ఎవరు వింటారు? కాసేపటికి క్యాను దగ్గర అందరూ కేరింతలు కొడుతూ తప్పులు చెప్పుకున్నారు. నేను చెప్పలేదు, నీళ్లూ తాగలేదు. సార్ నన్ను ఏమీ అడగలేదు.

మూడు రోజులు అన్నం సయించలేదు. అమ్మ దిష్టి తీసింది. కాలేజీలో దండలు, సన్మానాలు. నాలుగో రోజు పొద్దున్నే నేరేడ్‌మెట్ బస్సెక్కాను. సార్ వరండాలో కూర్చుని గ్లవ్‌లకు తెగిన తోలు తాళ్లు మారుస్తున్నారు. గుమ్మంలోనే నాకు ఏడుపు తన్నుకొచ్చింది.

"సార్, నాది. ఆ అమ్మాయికి తాకలేదు సార్."

ఆయన చేతిలోని తోలు తాడు పక్కన పెట్టారు. "నాకు తెల్సు బిడ్డా. బెంచీ కాడ కూసోని కండ్లార చూసిన. నేను సుత చెప్పలే. ఆ దినం నేను సుత నీళ్లు తాగలే," అన్నారు. లోపలికి వెళ్లి చెంబుతో నీళ్లు తెచ్చి, "నువ్వు ముందు చెప్పినవ్, తాగు," అని నా చేతికిచ్చారు. నేను తాగాక మిగిలినవి ఆయన తాగి, చొక్కా వేసుకుని, "పా, పోదాం," అన్నారు.

"నా సీటు పోతది సార్."

"పోతదేమో. నా నౌకరీ సుత పోతదేమో. నాకు సుత జెర భయమే అయితుంది."

ఆయన స్కూటర్ మీద బొల్లారం వైపున్న ఆ కాలేజీకి వెళ్లాం. వాళ్ల కోచ్ మేడం అంతా విని, "అంపైర్ ఇచ్చింది ఇచ్చిందే కద సార్. ఇప్పుడేం మారదు. ఎందుకొచ్చిన్రు ఇంత దూరం?" అన్నారు. "ఆ పిల్లకు చెప్పనీకి," అన్నారు సార్. ఆ అమ్మాయి జట్టుకు దూరంగా ఒక్కతే కూర్చుని ఉంది. వాళ్లందరి ముందూ చెప్పాను. "మెల్లగ ఉర్కినవని అందరు నన్నే తిడుతున్నరు. మా అమ్మ సుత నమ్మలే," అని నా చెయ్యి పట్టుకుని ఏడ్చేసింది. మూడు రోజులూ నా సీటు గురించే కుమిలిపోయాను తప్ప, ఆమె ఒకతె ఉందని ఒక్కసారైనా తలచుకోలేదు. ఆ సిగ్గు నాకింకా పోలేదు.

సార్ పోటీ పెట్టినవాళ్లకు కూడా ఉత్తరం రాశారు. ఫలితం మారదని జవాబొచ్చింది. సర్టిఫికెట్ నా దగ్గరే ఉంది, సీటూ వచ్చింది. జట్టులో సగం మంది నెల రోజులు నాతో మాట్లాడలేదు. గెలిచిన కప్పుకు మచ్చ తెచ్చాడని కాలేజీ వాళ్లు మాత్రం మరుసటి ఏడు సార్ కాగితం మార్చలేదు. ఆయన ఇంటికెళ్లి, వాడకట్టు పిల్లలకు ఊరికే ఆట నేర్పుకుంటూ ఉండిపోయారు.

ఆయన పోయే ముందు చివరిసారి వెళ్లినప్పుడు, ఏళ్లుగా నన్ను తినేస్తున్న మాట అడిగేశాను. "నేను నోరు మూసుకుని ఉంటే మీ నౌకరీ ఉండేది కద సార్?"

"నువ్వు మూసుకుంటే నేను సుత మూసుకుందును బిడ్డా, సచ్చేదాంక," అన్నారు. "నువ్వొస్తవేమోనని ఆ మూడు దినాలు తొవ్వ చూసిన."

ఇప్పుడు ఆసుపత్రి ల్యాబ్‌లో పనిచేస్తున్నాను. నా వల్ల పొరపాటు జరిగితే చెప్పడానికి ఇప్పటికీ భయమే. కానీ పక్క బల్ల దగ్గర ఎవరో ఒకరు, ఇంకెవరైనా ముందు చెబుతారేమోనని తొవ్వ చూస్తూ ఉంటారని నాకు తెలుసు. అందుకని లేచి వెళ్లి చెబుతాను.