సాయమ్మ దబ్బనం

ఇరవై ఏళ్లకు పైగా నా దగ్గర ఒక దబ్బనం ఉంది. జానెడు ఇనుము, దానికి చుట్టిన ఆకుపచ్చ పేలిక. అది నాది కాదు. ఈ మాట ఎవరికీ చెప్పలేక ఇన్నేళ్లు మోశాను. ఇక మొయ్యను, విసుగు పుట్టింది.

మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియదు. అదే మేలు. మా ఇంట్లో చెబితే పోనీలే అంటారు. వాళ్లకు అన్నిటికీ పోనీలే. కుళాయి కారితే పోనీలే, అన్నం మిగిలితే పోనీలే. ఈ సంగతికి ఆ మాట వినడం నాకు ఇష్టం లేదు.

నేను చదివింది మూడో తరగతి. మనవరాలు పారెయ్యబోయిన నోటుబుక్కులో ఇంకా సగం తెల్ల కాగితాలున్నాయి. వాటి మీదే రాస్తున్నాను. తప్పులుంటే సర్దుకోండి.

ఇప్పుడెందుకు రాస్తున్నానంటే, దానికి కారణం ఆ మనవరాలే. దాని ఉద్యోగం రాయదుర్గంలో. రైలులో వచ్చిన సరుకు ఏ పెట్టెలో ఉంది, ఏ గోదాములోకి పోయింది, ఏ లారీ ఎక్కింది, అంతా కంప్యూటర్లో కనబడేలా చేసే పని అట. మొన్న ఆదివారం రింగురోడ్డు అవతల కట్టిన పెద్ద సరుకుల స్టేషను చూపిస్తానని నన్ను కారెక్కించింది. మేముండే పుప్పాలగూడ నుంచి గంట ప్రయాణం. వద్దంటే వినదు.

చూశాను. ఒక పక్క పట్టాలు, ఒక పక్క లారీలు, నడుమ మా అపార్టుమెంటు కంటే పొడుగాటి గోదాములు. క్రేను ఇనుప పెట్టెను రైలు మీంచి ఎత్తి లారీ మీద పెడుతోంది. హమాలీ లేడు, గోనెసంచి లేదు. నేల మీద ఒక్క గింజ లేదు. అక్కడ దాని ఆఫీసువాళ్లు ఇద్దరు ఎదురయ్యారు. ఇది నా భుజం మీద చెయ్యి వేసి, "మా అమ్మమ్మ గూడ్సు షెడ్డులో పనిచేసింది తెలుసా, తనది కాని గింజ ఒక్కటి కూడా ముట్టలేదు" అంది. వాళ్లు నాకు దండం పెట్టారు.

ఒళ్లు మండిపోయింది. దారి పొడుగునా దాన్ని కసిరాను. కారు వేగం అన్నాను, ఏసీ చలి అన్నాను. పాపం దానిదేం తప్పు? ఆ మాట దానికి ఎవరు నేర్పారు? కంచంలో అన్నం వదిలినప్పుడల్లా నేనే కదా చెప్పుకున్నాను, గింజ విలువ తెలిసినదాన్ని, పరాయి గింజ ముట్టనిదాన్ని అని. చెప్పి చెప్పి నేను కూడా నమ్మేశానా? లేదు. నమ్మలేదు. అదే నా గోల.

మా కాలంలో గూడ్సు షెడ్డంటే రేకుల కప్పు, దాని పక్కన పట్టాలు. బియ్యం రైలు వచ్చేది. హమాలీలు కొక్కెం గుచ్చి సంచిని లాగి, వీపున వేసుకొచ్చి షెడ్డులో పేర్చేవాళ్లు. అక్కడి నుంచి లారీలకు ఎక్కించేవాళ్లు. కొక్కెం పడ్డచోట సంచి చినిగేది. చినిగినవి కుట్టడం నా పని, సాయమ్మ పని. మా ఇద్దరికీ చెరొక దబ్బనం, నడుమ ఒక సుతిలి దారం ఉండ. కింద రాలిన బియ్యం సాయంత్రం మేమే ఊడ్చి తీసుకెళ్లేవాళ్లం. అది అక్కడి పద్ధతి, ఎవరూ ఏమీ అనరు. చెరిగి రాళ్లు ఏరుకుంటే మంచి బియ్యమే.

సాయమ్మ నాకంటే చిన్నది. మొగుడు లేడు, ఇద్దరు ఆడపిల్లలు. నోరు ఊరుకునేది కాదు. నేను సుతిలి పొదుపుగా వాడితే, "ఏందక్కా, గింత దారంతోని సంచి కుడ్తున్నవా, బొత్తాం కుడ్తున్నవా?" అనేది. నాకు నవ్వు వచ్చేది కానీ నవ్వేదాన్ని కాదు. దబ్బనం చేతిని ఒరుసుకోకుండా నా పాత ఆకుపచ్చ చీర చించి రెండు దబ్బనాలకూ నేనే చుట్టాను. నేను ఎవరికైనా ఊరికే ఇచ్చిందంటే ఆ పేలికే.

ఒకసారి కొత్త హమాలీలు వచ్చారు. జాగ్రత్తపరులు. సంచి చినగదు, గింజ రాలదు. నాలుగు రోజులు నా మూట పిడికెడు కూడా కాలేదు. ఆకలి కొద్దీ చేశానని రాస్తే మీరు జాలిపడతారు. ఆకలి కాదు. మా ఇంట్లో రేషను బియ్యం ఉండేవి. ఊడ్చిన బియ్యం మీద ఆధారపడింది సాయమ్మ ఇల్లు. నాకు మాత్రం రోజూ వచ్చే మూట రాలేదన్న ఉక్రోషం, అంతే. ఇంత జాగ్రత్త ఎవడు పడమన్నాడని ఆ హమాలీల మీద కోపం కూడా వచ్చింది. ఇలాంటి కోపం ఎక్కడైనా ఉంటుందా?

మధ్యాహ్నం అందరూ అన్నాలు తింటుంటే దొంతర వెనక్కి వెళ్లి, అడుగు సంచుల్లో దబ్బనం గుచ్చి తిప్పాను. బియ్యం సన్నగా కారింది. మర్నాడూ చేశాను. మూడో రోజు గుచ్చిన దబ్బనం గోనెలో ఇరుక్కుంది. ఇంతలో మా పని చూసే మేస్త్రీ దగ్గు వినబడింది. దాన్ని అక్కడే వదిలేసి వచ్చి నా చోట్లో కూర్చున్నాను. సాయమ్మ గిన్నె కడుక్కోవడానికి పంపు దగ్గరికి పోయింది. ఆమె దబ్బనం సుతిలి ఉండకు గుచ్చి ఉంది. ఖాళీ చేతులతో కనబడకూడదని దాన్ని తీసి కుట్టడం మొదలుపెట్టాను. ఆమె రాగానే ఇచ్చేద్దామనే అనుకున్నాను. అనుకున్నానా? ఇప్పుడు గట్టిగా చెప్పలేను.

ఆమె కంటే ముందు మేస్త్రీ వచ్చాడు. చేతిలో నా దబ్బనం. కుట్టేవాళ్లకు ఆ దొంతర దగ్గర పనే లేదు.

"ఎవరిదే ఇది? సంచులకు పొక్కలు పొడుస్తున్నది ఎవరు?"

సాయమ్మ కొంగుతో చేతులు తుడుచుకుంటూ వచ్చింది. సుతిలి ఉండ చూసింది. "నాది ఈడ్నే పెట్టిన గదా," అని నా వైపు తిరిగింది. "అక్కా, నా దబ్బనం నీకాడ ఉన్నదా?"

"నాకాడ నాదే ఉన్నది," అన్నాను.

"జర చూడక్కా."

"చూసేదేముంది? నాదే."

మేస్త్రీ దబ్బనాన్ని సాయమ్మ కాళ్ల దగ్గర పారేశాడు. "ఇగ నువ్వు రేపటి నుంచి రాకు."

సాయమ్మ దబ్బనం కొన కొద్దిగా వంగి ఉంటుంది. ఆమె నా చేతినే చూస్తూ నిలబడింది. ఆ కొన కనబడిందా? కనబడితే ఎందుకు అరవలేదు? అరిచి ఉంటే నాకు ఈ బాధ తప్పేది. ఇన్నేళ్లు ఆమె మీద ఆ కోపం కూడా పెట్టుకున్నాను. తప్పు నాది, కోపం ఆమె మీద.

మేస్త్రీలందరూ ఒకరికొకరు ఎరిగినవాళ్లే. ఏ షెడ్డులోనూ ఆమెకు పని దొరకలేదు. బాలానగర్‌లో ఇనుము ఆకురాయి పట్టే పనికి కుదిరిందని విన్నాను. ఒకసారి బస్సులోంచి చూశాను. ఒక వర్క్‌షాపు గేటు ముందు కూర్చుని ఉంది, మోచేతుల దాకా నలుపు. బస్సు ఆగింది కూడా. దిగాలి. నా టికెట్టు ఇంకా మూడు స్టాపులకు ఉంది, దిగితే దండగ అనుకుని కూర్చున్నాను. మూడు స్టాపుల టికెట్టు. చెప్పుకుంటే నాకే అసహ్యంగా ఉంది.

తర్వాత చాలా ఏళ్లకు, కుక్కరు గాస్కెట్టు కావాలని అబద్ధమాడి మా అమ్మాయిని అక్కడికి తీసుకెళ్లాను. ఆ వర్క్‌షాపు లేదు. సాయమ్మ పేరు అక్కడ ఎవరికీ తెలియదు. ఉందో లేదో కూడా నాకు తెలియదు. కాబట్టి నన్ను క్షమించేవాళ్లు లేరు, ఆ పని మీరు నెత్తిన వేసుకోకండి.

ఆ దబ్బనంతోనే ఇప్పటికీ బొంతలు కుడతాను. పారెయ్యడానికి చెయ్యి రాదు. పారేస్తే దాచినట్టు, వాడితే మళ్లీ దొంగిలించినట్టు.

ఎవరో తెలియని మీకని మొదలుపెట్టాను గానీ, ఈ నోటుబుక్కు మనవరాలి బల్ల మీదే పెడతాను. చదివాక ఆ ఆఫీసువాళ్లకు ఏం చెప్పుకుంటుందో దాని ఇష్టం. నేను మాత్రం మేస్త్రీ అడిగినదానికి జవాబు రాసి ముగిస్తున్నాను.

సంచిలో దొరికిన దబ్బనం నాది. నా దగ్గరున్నది సాయమ్మది.

రాసి చూస్తే ఒక్క వరుస కూడా నిండలేదు.