ఏడు ఘాతం సున్నా

నేను చేసిన ఈ ఘనకార్యం చదివాక మీ పిల్లల పుస్తకాల దరిదాపులకు నన్ను రానివ్వరు. మంచిదే. నవ్వదలచినవాళ్లు ఇప్పుడే నవ్వుకోండి, మధ్యలో అంతగా వీలుపడదు.

అప్పుడు నేను డిగ్రీ రెండో సంవత్సరం, కాజీపేటలో మా సంఘానికి సండే స్కూల్ టీచర్ని. వాక్యం నోటికి వచ్చేది కాబట్టి లెక్కలూ వచ్చనుకున్నాను. మా సంఘంలోని కరుణక్క భర్త రైల్వేలో పనిచేస్తూ చనిపోయాడు. ఆమెకు ఉద్యోగం రావాలంటే పదో తరగతి గట్టెక్కాలి. అన్నీ గట్టెక్కాయి, లెక్కలు తప్ప. "ఈ తమ్ముడు చెప్తడమ్మా" అంటూ పాస్టరుగారు ఆమెను నాకు అప్పజెప్పారు, గొర్రెపిల్లను తోడేలుకు అప్పజెప్పినంత ప్రేమగా.

ఆదివారం ఆరాధన ముగిశాక, చాపలు చుట్టేసి, బోర్డు మీద 7³ ÷ 7³ రాశాను.

"భూమి, అంటే కిందున్న ఏడు, ఒకటే గదక్కా, పైనున్న ఘాతాంకాలు ఒకదాంట్లకెల్లి ఒకటి తీసెయ్యాలె. మూడులకెల్లి మూడు పోతే సున్న. ఏడు ఘాతం సున్న."

ఇంతవరకు నా తప్పేమీ లేదు. ఇక్కడే ఆగి ఉంటే ఈపాటికి పెద్దమనిషిని.

"అంటే ఎంత తమ్మీ?"

"సున్న."

ఏ సంఖ్యనైనా దానితోనే భాగిస్తే ఒకటి వస్తుందని ఐదో తరగతి పిల్లలకు తెలుసు. కరుణక్కకూ తెలుసు.

"ఎన్ని రొట్టెలున్నయో అంతమందికే పంచుతున్నం. తలా ఒకటన్న రావాలె గదా?"

"అది శరీర సంబంధమైన లెక్కక్కా. ఇది ఆత్మ సంబంధమైనది. మన్ను మన్నుల కలిసినంక ఏముంటది? శూన్యం."

"మా ఆయన పోయిండు. నేనొక్కదాన్ని మిగల్లేదా తమ్మీ?"

చెప్పేవాడికి వినేవాడు లోకువంటారు, నాకైతే లెక్క కూడా లోకువే. గొంతు పెంచి, "విశ్వాసం ఉంచక్కా" అన్నాను. ఆమె ఉంచింది. కొంప మునిగింది అక్కడే.

పరీక్ష అయిన మరుసటి ఆదివారం సాక్ష్యాల సమయంలో లేచి, కరుణక్క పాసైనందుకు స్తోత్రం అన్నాను. ఫలితం రాకముందే విశ్వాసంతో కృతజ్ఞత చెల్లించడం మాకు అలవాటు. అందరూ చప్పట్లు కొట్టారు. ఆమె మాత్రం తల వంచుకుని కూర్చుంది.

ఫలితాలు వచ్చాయి. పాస్ మార్కు ముప్పై ఐదు. ఆమెకు ముప్పై నాలుగు.

"ఆ లెక్కే వచ్చింది తమ్మీ, ఒక మార్కుకు. ముందుగాల ఒకటి అనే వేసిన. నువ్వు చెప్పింది యాదికొచ్చి, కొట్టేసి సున్న పెట్టిన."

తిట్టి ఉంటే బాగుండేది. మళ్లీ పరీక్ష వచ్చేదాకా ఆర్నెల్లు ఆమె హన్మకొండలో ఒక హాస్టల్లో గిన్నెలు తోమింది. ఆ వీధి తప్పించుకోవడానికి నేను కాలేజీకి ఊరంతా చుట్టి వెళ్లేవాణ్ణి. ఉపవాసాలు కూడా ఉన్నాను. నాకు ఆకలి పెరిగింది గానీ ఆమెకు మార్కు పెరగలేదు.

రెండోసారి నలభై ఒకటి వచ్చాయి. ఆ ఆదివారం ఆమె సాక్ష్యానికి లేచింది. ఏడాదిలో మొదటిసారి ఆమె నవ్వు చూశాను.

"ఈపారి ఎట్ల గట్టెక్కినవమ్మా?" అని పాస్టరుగారు అడిగారు.

"మా తమ్మి చెప్పిందంత మర్చిపోయే కృప దేవుడిచ్చిండయ్యా."

సంఘమంతా ఆమేన్ అంది. అంత గట్టి ఆమేన్ నా ఏ ప్రార్థనకూ రాలేదు.

ఒట్టు పెట్టుకోకూడదని నేర్చుకున్నవాణ్ణి కనుక ఇది ఒట్టు కాదు, మాట. ఇక మీదట ఎక్కడ సున్నా ఘాతం కనిపించినా, ఒకటి వేసి, నోరు మూసుకుని, వచ్చి నా చాప మీద కూర్చుంటాను.