రెండు కారణాల తర్కం

నా ఫాంటసీ నవలలో ‘ద్విహేతువాదులు’ అనే తర్కశాఖ ఉంది. రెండో కారణం వెతకనిదే వాళ్ళు ఏ తీర్పూ చెప్పరు. అది పూర్తిగా నా ఊహేనని సభల్లో చెప్పుకున్నాను. అల్లూరులో రొయ్యలు సాగుచేసే పెంచలమ్మ గురించి చెప్పలేదు.

నవల రాయకముందు ఒకసారి అల్లూరు వెళ్ళినప్పుడు, రొయ్యలు మేత తిన్నాయో లేదో చూసే చెక్ ట్రేను ఆవిడ గుంటలోంచి పైకి లాగితే, వేసిన మేత అలాగే ఉంది.

“రొయ్యలు చచ్చిపోయాయా అక్కా?” అన్నాను.

“అట్టా చంపేస్తే ఎట్ట సార్! కుబుసం విడిచేటప్పుడు గూడా తినవు. చెడ్డగా ఒకటి అనుకుంటే మంచిగా ఒకటి అనుకోవాల. ఆనక వలేసి చూడాల.”

వల వేసింది. అప్పుడే కుబుసం విడిచిన మెత్తటి రొయ్యలు ప్రాణంతో ఎగిరిపడ్డాయి.

మొన్న మళ్ళీ వెళ్ళి, నవల కొత్త ముద్రణ మొదటి పేజీలో ఆవిడ పేరు చూపించాను.

“ఇన్నేళ్ళకు గుర్తొచ్చినానా?” అంది.

“గుర్తుండే దాచానక్కా. మీ ఆలోచనను నాదని చెప్పుకున్నాను. క్షమించండి.”